ఓడ నిండుకుంది

మా ఆయన నోట "లేదు" అన్న మాట నేను కాపురానికి వచ్చినప్పటి నుంచి వినలేదు. ఎంత అదృష్టవంతురాలివమ్మా అనేవాళ్ళు ఉన్నారు. అలాంటివాళ్ళు ఒక్క పూట వచ్చి మా కొట్లో కూర్చుంటే ఆ అదృష్టం ఏపాటిదో తెలుస్తుంది.

ఒమన్‌లో, వాడి కబీర్ అనే పేటలో మాది కిరాణా కొట్టు. సోనా మసూరి బియ్యం మొదలుకుని వత్తులు, కుంకుమ దాకా అన్నీ అమ్ముతాం. గల్లాపెట్టె దగ్గర నేను కూర్చుంటాను. కొట్టంతా తిరిగి సరుకు తీసి ఇచ్చేది మా ఆయన వెంకటరామయ్యగారు. ఎవరైనా వచ్చి చింతపండు ఉందా అని అడిగారనుకోండి, అది అయిపోయి ఉంటే ఈయన "నిండుకుందమ్మా" అంటారు. మా వేటపాలెంలో ఏ ఇంట్లోనైనా అంతే. అయిపోయిందనడం అశుభం కనుక నిండుకుందంటాం. కానీ ఇక్కడ అడిగేది ఇక్కడే పుట్టి పెరిగిన పిల్లలు. నిండుకుందంటే డబ్బా నిండా ఉందనుకుని, "అయితే రెండు కిలోలివ్వండి అంకుల్" అంటారు. అప్పుడీయన బిక్కమొహం వేసి నా వంక చూస్తారు. "లేదు నాన్నా, అయిపోయింది" అని నేను చెప్పాలి. అశుభం పలికిన పాపమంతా నా ఖాతాలో పడుతుంది.

ఆయన ఏడు అని కూడా అనరు. ఎదుటివాణ్ణి ఏడవమన్నట్టు ఉంటుందట, అందుకని ఆరున్నొకటి అంటారు. బస్తాలు దించేటప్పుడు ఒకటి అనకుండా లాభం అని మొదలుపెడతారు. మాకు బియ్యం తెచ్చే మలయాళీ డ్రైవరు రియాజ్ ఇప్పుడు తనూ "లాభం, రెండు, మూడు" అనే లెక్కపెడుతున్నాడు. తెలుగులో ఒకటిని లాభం అంటారని పాపం అతని నమ్మకం.

ఎందుకండీ ఇదంతా అని అడిగితే, తథాస్తు దేవతలు పైన తిరుగుతుంటారు, మనం ఏ మాటంటే దానికి తథాస్తు అంటారు అని చెబుతారు. వాళ్ళకి ఒమన్ వీసా ఎవరిచ్చారని ఒకసారి అడిగాను. దానికి రెండు రోజులు నాతో మాట్లాడలేదు. నేనూ కాస్త విశ్రాంతిగా ఉన్నాను.

ఇలాంటి మనిషిని తీసుకెళ్ళి మా అమ్మాయి స్నిగ్ధ నాటకంలో షావుకారు వేషం వెయ్యమంది.

స్నిగ్ధ ఇక్కడి బళ్ళో చరిత్ర చెబుతుంది. ఇక్కడి తెలుగు కుటుంబాల వాళ్ళందరం ఏడాదికోసారి చేసుకునే వేడుకకి అరగంట నాటకం రాసింది. ఏడెనిమిది వందల ఏళ్ళ కిందటి కథ. సూర్ ఊరికి కాస్త ఇవతల కల్హాత్ అని ఉంది చూడండి, ఇప్పుడు రాళ్ళ గుట్టలూ ఒక పాత గోరీ కట్టడమూ తప్ప ఏమీ లేని చోటు, అప్పట్లో అది పెద్ద రేవట. అక్కణ్ణుంచి గుర్రాలు ఓడలెక్కి మన దేశం వచ్చేవట. ఆ కాలంలోనే పడమటి దేశాల నుంచి క్రైస్తవ సన్యాసులు, ఫ్రయర్లంటారు వాళ్ళని, ఈ సముద్రం మీదుగా మన వైపు వచ్చేవారట. వాళ్ళు డబ్బు చేత్తో ముట్టరు. తిండి అడుక్కునే తింటారు, ఓడలో చోటూ అడుక్కునే ఎక్కుతారు.

స్నిగ్ధ కథలో మోటుపల్లి నుంచి వచ్చిన నాగిసెట్టి అనే షావుకారు కల్హాత్‌లో గుర్రాలు కొని ఓడకెక్కిస్తుంటాడు. ఇటలీ నుంచి వచ్చిన ఒక ఫ్రయర్ కాస్త చోటిమ్మని అడుగుతాడు. సెట్టి లేదంటాడు. ఫ్రయర్ వెళ్ళి ఇంకో ఓడ ఎక్కుతాడు. ఆ రెండో ఓడ మీద జరిగేదే అసలు నాటకం. అంటే సెట్టి లేదనకపోతే కథ రేవు దాటదు.

మోటుపల్లి అన్న మాట చెవిన పడగానే మా ఆయన ఒప్పేసుకున్నారు. మా వేటపాలేనికి దగ్గరే అది. గణపతిదేవుడు ఓడ వర్తకులకి అభయమిస్తూ శాసనం వేయించిన రేవు. తనే వేయించినట్టు ఆ సంగతి కొట్టుకొచ్చిన ప్రతివాళ్ళకీ చెప్పారు. నాటకంలో ఏం మాట్లాడాలో మాత్రం చూసుకోలేదు.

ఫ్రయర్ వేషానికి మొదట ప్రణయ్ అని బ్యాంకులో పనిచేసే అబ్బాయిని అనుకున్నారు. గోధుమ రంగు అంగీ తొడుక్కుని, నడుముకి తాడు కట్టుకుని, ఫొటోలు దిగి, ఆఫీసు పని ఎక్కువగా ఉందని తప్పుకున్నాడు. అప్పుడు స్నిగ్ధ కంట్లో సురేందర్ పడ్డాడు.

సురేందర్‌ది జగిత్యాల దగ్గర పల్లె. అల్ అమెరాత్‌లో ఒక కంపెనీలో స్లాబులకి చెక్కలు బిగించే షట్టరింగ్ పని చేసేవాడు. ఆ కంపెనీ మూతపడింది. మే నెలాఖరులోగా ఇంకొకళ్ళ వీసా మీదికి మారకపోతే ఇంటికి పోవాల్సిందే, పోతే మళ్ళీ రావడం ఏజెంటు దయ. ఊళ్ళో భార్య సుమలత, ఇద్దరు పిల్లలు. ఈ సంగతులన్నీ మా ఆయనతో చెప్పుకుని, కొట్లో ఏ పనైనా ఇమ్మని అడిగాడు. మా కొట్టు లైసెన్సు ఒక ఒమానీ పెద్దాయన పేరు మీద ఉంది, అర్బాబ్ అంటాం, కొందరు కఫీలు అంటారు. ఆయన ఆ సాయంత్రమే, ఇంకో మనిషికి వీసా రాదు, అడగొద్దు అని తేల్చి చెప్పేశారు.

"ఆ అబ్బాయికి చెప్పేశారా?" అని మా ఆయన్ని అడిగాను.

"చెప్పానే" అన్నారు.

నేను నమ్మాను. ఇన్నేళ్ళు కాపురం చేసి కూడా, ఏమని చెప్పారు అని అడగాలని నాకు తట్టలేదు.

ఆ తరవాత కూడా సురేందర్ ప్రతి శుక్రవారం వచ్చేవాడు. ఎవరూ చెప్పకుండానే బస్తాలు సర్దేవాడు, అట్టపెట్టెలు విప్పి మడిచి కట్టేవాడు, చీపురు పట్టుకునేవాడు. డ్యూటీ లేక రూములో ఒక్కడే ఏం చేస్తాడు, నాలుగు తెలుగు మాటలు వినొచ్చని వస్తున్నాడు కాబోలు అనుకున్నాను. మధ్యాహ్నం మాతో పాటే ఇంత అన్నం పెట్టేదాన్ని. సన్నగా, గడ్డం పెంచుకుని, బియ్యం బస్తా మీద ఒదిగి కూర్చున్న మనిషిని చూసి, "అమ్మా, అచ్చం ఫ్రయర్‌లా ఉన్నారు" అంది స్నిగ్ధ. వేషం వేస్తావా అంటే, సేటు వేస్తుంటే నేనూ వేస్తానన్నాడు.

శుక్రవారం మధ్యాహ్నం నమాజు వేళకి ఇక్కడ కొట్లన్నీ మూస్తారు. సగం దాకా షట్టరు దించి, పప్పుల వరసకీ నూనెల వరసకీ మధ్య రిహార్సలు మొదలుపెట్టాం. మా ఆయన తక్కెడ పక్కన నిలబడ్డారు. సెట్టి తన సరుకు లెక్క చెప్పుకోవాలి, మేలు జాతివి ఏడు గుర్రాలు అని.

"మేలు జాతివి ఆరున్నొక్క గుర్రం" అన్నారు మా ఆయన.

"నాన్నా, ఏడు."

"ఎనిమిది చెయ్యమ్మా. ఇంకో గుర్రం కొంటే నీ సొమ్మేం పోయింది."

పోనీలే అని స్నిగ్ధ ఎనిమిది చేసింది. అక్కడే గట్టిగా పట్టుకోవాల్సింది.

తరవాత సురేందర్ వచ్చాడు. స్నిగ్ధ రాసింది "అయ్యా, నేను ధనం ముట్టని వాణ్ణి, మీ నావలో ఇంత తావు దయచేయండి" అని. సురేందర్ దాన్ని రెండుసార్లు గొణుక్కుని, "సేటూ, నేను పైసలు ముట్ట. నీ ఓడల ఇంత జాగియ్యి" అన్నాడు. స్నిగ్ధ సరిదిద్దబోయి ఆగింది. ఇటలీవాడు జగిత్యాల యాస మాట్లాడితే తప్పేంటి, బాగుంది, అలాగే ఉండనీ అంది. నిజంగానే బాగుంది. అతను అడుగుతుంటే నాకే ఎక్కడైనా జరిగి చోటివ్వాలనిపించింది.

ఇక మా ఆయన వంతు. ఆయన ఒక్క మాటనాలి. చోటు లేదు.

"ఓడ నిండుకుంది స్వామీ" అన్నారు.

"లేదు అను నాన్నా."

"ఓడ నిండుకుందంటే ఆ అర్థమే కదమ్మా. ఇక్కడి పిల్లకాయలకి ఓడ నిండిపోయిందని వినపడినా మంచిదే. ఎటు చూసినా సరిపోయింది."

ఒక్క క్షణం స్నిగ్ధ కూడా మెత్తబడింది. కానీ ఈయన అక్కడితో ఊరుకుంటేనా. చెయ్యి చాచిన మనిషి ఎదురుగా నిలబడి ఉంటే అలవాటైన నోరు ఆగదు. "నిండుకుంది స్వామీ, చూద్దాం, మళ్ళీ కనపడండి" అన్నారు. నాటకంలో ఆ ఫ్రయర్ మళ్ళీ కనపడడు, రెండో ఓడలో వెళ్ళిపోతాడు అని స్నిగ్ధ మొత్తుకుంది. గుమ్మంలోకొచ్చిన సన్యాసిని వట్టి చేతులతో పొమ్మనడానికి నా నోరు రాదమ్మా అన్నారు ఈయన. తండ్రికీ కూతురికీ మధ్య నా తల ప్రాణం తోకకొచ్చింది. అక్కడ అన్నం చల్లారిపోతోంది.

వారం రోజులు ఇంట్లో ఇదే గొడవ. లేదు అన్న రెండక్షరాలు కాగితం మీద రాసి అద్దానికి అంటించింది స్నిగ్ధ. ఆయన ఆ అద్దంలో చూసుకోకుండా గడ్డం గీసుకుని చుబుకం కోసుకున్నారు.

"అడిగి బతికేవాళ్ళు నాన్నా వాళ్ళు. నువ్వు లేదంటే ఇంకో గుమ్మానికి పోతారు. చూద్దామంటే నీ గుమ్మంలోనే కూర్చుంటారు" అని భోజనాల దగ్గర చెప్పింది.

"కూర్చుంటే నాలుగు మెతుకులు పెడతాం" అన్నారాయన.

తరవాతి శుక్రవారం మళ్ళీ షట్టరు సగం దించాం. బయట మే నెల ఎండ పేలిపోతోంది. సురేందర్ అంగీ తొడుక్కుని తాడు కట్టుకున్నాడు. వేడుక ఇంకో వారంలో ఉంది, అతని వీసా గడువు అంతకన్నా నాలుగు రోజులే ఎక్కువ. ఆ మాట స్నిగ్ధ అడిగితే, ఏం ఫికరు లేదు మేడం అన్నాడు. ఇంకెక్కడో పని దొరికింది కాబోలని నాకు మనసు కుదుటపడింది.

ఫ్రయర్ చోటడిగాడు. మా ఆయన అమ్మవారి పటం వైపు ఓసారి చూసి, గొంతు సవరించుకుని, "చూద్దాం స్వామీ. శుక్రవారం కనపడండి" అన్నారు.

స్నిగ్ధ నెత్తి కొట్టుకుంది. "సరే, ఆ మాట తరవాత చూసుకుంటాం. సురేందర్, మీరు ఇటు నుంచి వెళ్ళిపోండి. రెండో ఓడ అక్కడ, నూనె డబ్బాల దగ్గర."

సురేందర్ కదల్లేదు.

"వెళ్ళాలి సురేందర్."

"ఎట్ల పోత మేడం. కనవడుమన్నడు గద."

"ఊరికే అన్నారండీ. అక్కడ చోటు లేదు."

"లేదనలే మేడం. చూద్దామన్నడు. చూద్దామన్నోన్ని ఇడిశిపెట్టి ఇంకోని కాడికి వోతె, ఈయన పిలిశే యాళ్లకు నేనుండ. మాట తప్పినట్టు గాదా."

స్నిగ్ధ నవ్వింది. నేను నవ్వలేకపోయాను.

"సురేందర్, నువ్వు ఓడ గురించేనా చెప్పేది?" అన్నాను.

అతను నడుముకున్న తాడు ముడిని వేళ్ళతో సవరించుకున్నాడు. "బహ్లా దిక్కు మా ఊరి లింబాద్రన్న మేస్త్రి ఉన్నడమ్మా. తోటలకు గోడలు కడ్తడు. వాళ్ల కఫీలుతోని మాట్లాడి వీసా మార్పిస్త, రమ్మని ఫోన్ చేసిండు. మళ్ల గూడ చేసిండు. సేటు కాడ కాయమైంది, నేను రానన్నా అని చెప్పిన."

"ఎవరు ఖాయం చేశారు?"

"సేటే. చూద్దాం, శుక్రవారం కనవడు అన్నడు. ఒక్క శుక్రవారం గూడ తప్పకుంట కనవడ్తున్న. ఇంట్ల సుమలతకు గూడ చెప్పిన, దుకాణంల పని, ఇంక ఎండల నిలవడుడు లేదని."

ఆ బస్తాలు సర్దడం, ఆ చీపురు పట్టుకోవడం, అన్నీ ఒక్కసారి నాకు అర్థమయ్యాయి. అతను మా దగ్గర కాలక్షేపానికి రావడం లేదు, డ్యూటీకి వస్తున్నాడు. నేను మా ఆయన వైపు తిరిగాను. ఆయన తక్కెడ పళ్ళాన్ని గుడ్డతో తుడుస్తున్నారు. అది అప్పటికే అద్దంలా ఉంది.

"చెప్పానన్నారే" అన్నాను.

"చెప్పాను కదే. చూద్దామంటే ఇంకేమిటి అర్థం? మా నాన్న కొట్లో చూద్దామంటే ఎవరైనా తలూపి పక్క కొట్టుకి పోయేవాళ్ళు."

"అది వేటపాలెం. ఇతనిది జగిత్యాల. అక్కడ చూద్దామంటే చూస్తారు."

"అమ్మవారి ఎదురుగా నిలబడి, ఆశ పడి వచ్చినవాణ్ణి ఆ రెండక్షరాలూ అని పొమ్మంటే కొట్టుకి మంచిదా శేషూ? నేనేమన్నా అతనికి చెడు తలపెట్టానా? ఏ వారమైనా అన్నం పెట్టకుండా పంపించామా?"

తలపెట్టలేదు, నిజమే. ఈయన చీమకి కూడా చెడు తలపెట్టరు. అందుకే నాకు ఇంకా ఒళ్ళు మండింది. చెడ్డవాడైతే నాలుగు తిట్టి ఊరుకోవచ్చు.

"సురేందర్" అన్నాను. "ఇక్కడ ఉద్యోగం లేదు. అర్బాబ్ వీసా ఇవ్వనన్నారు. నువ్వు అడిగిన రోజే చెప్పేశారు."

అతను నా మాట విన్నాడు గానీ నా వంక చూడలేదు. మా ఆయన్నే చూస్తున్నాడు. "సేటు చెప్పాలె అమ్మా. నేను అడిగింది సేటును."

మా ఆయన గుడ్డ కింద పెట్టారు. "చూ..." అని మొదలుపెట్టారు.

"చూద్దామనకు సేటూ" అన్నాడు సురేందర్. గొంతు పెంచలేదు. "ఉంటె ఉన్నదను, లేకుంటె లేదను. నేను అవుతల ఫోన్ చేసుకోవాలె."

మా ఆయన పటం వైపు చూశారు, పప్పుల వైపు చూశారు, నా వైపు చూశారు. ఈసారి నేను సాయం రాలేదు. అప్పుడు ఆయన చేసిన పని చూస్తే ఏడవాలో నవ్వాలో తెలియలేదు. షట్టరు కింద నుంచి మోకాళ్ళ మీద వంగి బయటికి పోయారు. గడప దిగి, ఆ ఎండలో, రోడ్డు పక్కన నిలబడి, "ఇలా రా నాయనా" అని పిలిచారు.

సురేందర్ అంగీ ఎత్తి పట్టుకుని వంగి బయటికి వెళ్ళాడు. వెనకే నేనూ, స్నిగ్ధా వెళ్ళాం. మసీదు నుంచి వస్తున్నవాళ్ళు ఆ వేషాన్ని చూసి నడక తగ్గించారు.

"లేదు బాబూ" అన్నారు మా ఆయన. "నా దగ్గర నీకు పని లేదు."

ఆ మాట కోసం కాపురమంతా ఎదురుచూసిన నాకు, విన్నాక ఏమీ బాగాలేదు.

సురేందర్ తలూపాడు. అంగీ కింద నుంచి ఫోన్ తీసి అక్కడే నిలబడి బహ్లాకి చేశాడు. అవతలి గొంతు నాకూ వినపడుతూనే ఉంది. ఇన్ని దినాలు ఏడ వోయినవురా అని లింబాద్రి మందలించాడు. తరవాత ఏదో నసిగి, సరే చూద్దాం తియ్యి అన్నాడు.

"చూద్దాం వద్దన్నా" అన్నాడు సురేందర్. "ఉన్నదా, లేదా?"

అవతల కాసేపు ఎవరితోనో మాట్లాడుకున్నారు. ఆ కాసేపూ మా ఆయన కళ్ళు మూసుకునే ఉన్నారు.

ఫోన్ పెట్టేసి సురేందర్ నాతో చెప్పాడు. "గోడ పనికి వేరేటోణ్ని పెట్టుకున్నరటమ్మా. తోటల మన్ను తవ్వుడున్నదట. కఫీలు ఒప్పుకున్నడట. ఇయ్యాల్నే రమ్మన్నడు."

మేస్త్రి కింద గోడ కట్టే పని పోయి, ఈ ఎండల్లో మన్ను తవ్వే పని మిగిలింది. చూద్దాం అన్న ఒక్క మాటకి అతనికి ముట్టింది అది. మంచిదే బాబూ, అన్నాను.

అతను అంగీ విప్పి, మడిచి, తాడు చుట్టి పైన పెట్టి స్నిగ్ధకి ఇచ్చాడు. నాటకం చెడగొడుతున్నా, ఏమనుకోకు మేడం అన్నాడు. నాటకం సంగతి అప్పటికి మా ఇద్దరికీ గుర్తు లేదు. మా ఆయన గబగబా లోపలికి దూరి ఒక సంచీలో బియ్యం, కందిపప్పు, ఆవకాయ సీసా, కొబ్బరినూనె, చేతికందినవన్నీ కుక్కి తెచ్చారు. వద్దంటాడేమోనని నాకు భయం వేసింది. సురేందర్ తీసుకున్నాడు. సంచీ భుజానికి తగిలించుకుని, నాకు దణ్ణం పెట్టి, ఆయనకీ పెట్టాడు.

"పోతున్న సేటూ."

మా ఆయన ఉలిక్కిపడ్డారు. "పోతున్నా అనకూడదు నాయనా. పోయొస్తా అను."

"మళ్ల వచ్చేదుంటె అందును సేటూ" అన్నాడు సురేందర్, మెత్తగానే. అని, బస్టాపు వైపు నడిచాడు.

అతను మలుపు తిరిగేదాకా మా ఆయన ఆ ఎండలో నిలబడే ఉన్నారు. తరవాత, ఎవరికీ వినపడనంత చిన్నగా, "పోయిరా నాయనా" అన్నారు.

నాకు వినపడింది.

"ఇంకా రమ్మంటున్నారా అతన్ని?" అన్నాను.